ఎవలి తాలూకు బస్సు

మా నాన్న రిటైరైన వారంలోనే మా అమ్మ ఆయన కాకీ బట్టల్ని సంచులుగా కుట్టేసింది. ప్యాంట్లు కూరగాయల సంచులయ్యాయి. ఒక చొక్కా కుట్టుమిషను మీద కప్పే ముసుగైంది, ఇంకో చొక్కా స్కూటరు సీటుకు తొడుగైంది. మా అమ్మ ఇంట్లో జాకెట్లు కుడుతుంది. పనికొచ్చే గుడ్డ పెట్టెలో ఊరికే పడి ఉంటే ఆవిడకి మనసొప్పదు. మా నాన్నకీ వాటితో పనిలేదు. ఉద్యోగమంతా శ్రీకాకుళానికీ పొందూరుకీ మధ్య బస్సులో నిలబడే గడిపిన కండక్టరు ఆయన. ఇక నిలబడక్కర్లేదన్న ఆనందంలో లుంగీ కట్టుకుని, పేపరు పట్టుకుని, పగలంతా వీధి గదిలో కుర్చీలోనే ఉండేవాడు. "కూకోడంలో ఇంత సుకమున్నాదని ఇన్నాల్లూ ఎవలూ సెప్పనేదేటే?" అని మా అమ్మని అడిగేవాడు.

అలాంటి మనిషి దగ్గరికి, ఆయన కూతుర్ని నేను, కొన్నేళ్ల తర్వాత ఒక ఆదివారం వెళ్లి, "నాన్నా, నీ యూనిఫాం కావాల" అన్నాను.

"ఎవలికి?"

"నాకే."

"నీకెందుకు?"

"ఏసుకోడానికి."

మా అమ్మ వంటింట్లోంచి వంకాయల సంచి ఎత్తి చూపించింది. "ఇదిగో, కుడికాలు. ఎడంకాలు పక్కింటావిడ పట్టుకెల్లింది, ఇంకా తేనేదు."

నేనేం పని చేస్తానో ఇక్కడ చెప్పాలి. చెప్పడం ఎప్పుడూ కష్టమే. నేను విజయనగరంలో ఉంటాను. పొద్దున ఒక స్కూల్లో పిల్లలకి బొమ్మలు నేర్పుతాను. మిగతా సమయంలో నేను చేసేదాన్ని నా చదువు పుస్తకాల్లో పెర్ఫార్మెన్స్ అనీ, ఇన్‌స్టలేషన్ అనీ రాసేవారు. అంటే కాగితం మీద బొమ్మ వేసే బదులు నేనే బొమ్మనవుతాను. వేరేవాళ్ల బట్టలు వేసుకుంటాను, వాళ్లలా నిలబడతాను, నడుస్తాను. దాన్ని వీడియో తీస్తాం. తర్వాత ఒక గదిలో ఆ వీడియోలూ, వాటి తాలూకు వస్తువులూ అమర్చి పెడతాం. జనం వచ్చి చూస్తారు. ఇదంతా మా వీధిలో వాళ్లకి వివరించబోతే, "అయితే నాటకమా?" అనేవారు. కాదంటే, "సినిమానా?" అనేవారు. అదీ కాదంటే జాలిగా చూసేవారు. మా అమ్మ మాత్రం ఒక్క ముక్కలో తేల్చేసేది. "మా అమ్మి యేసాలు కడతాది." ఇంతకంటే సరిగ్గా ఎవరూ చెప్పలేదు.

కొన్ని వేషాలు బాగా కుదిరాయి. విజయనగరంలో ఒక చీరల దుకాణం యజమానిని బతిమాలి, అద్దాల వెనక బొమ్మల మధ్య పట్టుచీర కట్టుకుని ఒక మధ్యాహ్నమంతా బొమ్మలా నిలబడ్డాను. ఒకావిడ వచ్చి నా కొంగు పట్టుకుని జరీ గోటితో గోకి చూస్తూ ఉంది. సరిగ్గా అప్పుడే నాకు తుమ్మొచ్చింది. ఆవిడ పెట్టిన కేకకి బజారంతా పోగైంది. ఆ వీడియో చూసి పెద్ద ఊళ్లలో జనం పడిపడి నవ్వారు. కొందరు దాని మీద వ్యాసాలు కూడా రాశారు. అవి నాకు పూర్తిగా అర్థం కాలేదు గానీ, దుకాణం ఆయన ఆ చీర నాకే తగ్గించి ఇచ్చాడు.

ఆ వీడియోలన్నీ తీసింది నా స్నేహితురాలు. కొత్తవలసలో పెళ్లి వీడియోలు తీస్తుంది. ఎంత గంభీరమైన పని చేస్తున్నా సరే, కెమెరా వెనకనుంచి అలవాటుగా, "ఇటు చూడండి, కొంచెం నవ్వండి" అనేస్తుంది.

ఒకరోజు విశాఖపట్నంలో ఒక ప్రదర్శనశాల నడిపే ఆవిడ ఫోన్ చేసింది. కొంతమంది కళాకారుల పనులు కలిపి పెడుతున్నారు. "నేను" అన్న మాట మీద ఒక కొత్త పని చెయ్యమని అడిగింది. సరేనని ఫోన్ పెట్టేశాక ఏం చెయ్యాలో తోచలేదు. ఆ సాయంత్రం మందులు కొనడానికి వెళితే, దుకాణంలో ముసలాయన నా ముఖం ఎగాదిగా చూసి, "ఎవలి తాలూకమ్మా నువ్వు?" అని అడిగాడు.

మా వైపు ఎక్కడికెళ్లినా అందరూ మొదట అడిగేది అదే. పేరు తర్వాత. ఊరు తర్వాత. ఎవరి మనిషివి, ఎవరింటి దానివి అన్నది ముందు. చిన్నప్పుడు శ్రీకాకుళంలో ఎవరడిగినా నేను చెప్పేది ఒకటే, "కండక్టరు గారి తాలూకు." ఆ మాటకి మిఠాయి కొట్టు ఆయన ఒక జంతిక చేతిలో పెట్టేవాడు. హైదరాబాదులో చదువుకున్న రోజుల్లో ఎవరూ అలా అడగలేదు. "మీరేం చేస్తుంటారు?" అనేవారు. ఆ ప్రశ్నకి నాకు జవాబు తెలిసేది కాదు, జంతికా దొరికేది కాదు.

మందుల కొట్టు మెట్ల మీదే నిర్ణయించుకున్నాను. ఎవరి తాలూకో, ఆ మనిషినే అవుతాను. మా నాన్ననవుతాను.

అలా ఆ ఆదివారం ఇంటికొచ్చి యూనిఫాం అడిగాను. సంగతంతా విన్నాక మా నాన్న పేపరు మడతపెట్టాడు.

"బట్టలు ఏసుకుంటే ఏసుకో. మీసం ఎట్టుకుని నన్ను ఎక్కిరిస్తే మాత్తరం ఊరుకోను. డిపోలో నా ఎనకాతల పనిసేసినోల్లు ఇంకా ఉన్నారు. ఆల్లు సూస్తే నవ్వుతారు."

"ఎక్కిరించడం కాదు నాన్నా."

"మరేటి?"

"నువ్వయితే ఎలగుంటాదో సూద్దామని" అన్నాను.

"ఏటుంటాది? కాల్లు నొప్పెడతాయి."

మా అమ్మకి మాత్రం ఈ గొడవేమీ పట్టలేదు. కొత్త కాకీ గుడ్డ తెప్పించి, టేపు మెడలో వేసుకుని నిలబడింది. "ముందు ఇది సెప్పు. కొలత ఎవలిది తియ్యాల? నీదా, మీ నాన్నదా?"

నేను ఆలోచనలో పడ్డాను. నా కొలతకి కుడితే అది నా చొక్కా. నాన్న కొలతకి కుడితే అందులో నేను కనిపించను. ఈ పనిలో అసలు చిక్కేమిటో మా అమ్మ టేపుతో పట్టేసినట్టయింది. నేను ఎటూ తేల్చకపోవడం చూసి, ఆయన్ని లేపి భుజాలు కొలిచింది, నన్ను నిలబెట్టి చేతులు కొలిచింది. తనలో తను ఏవో లెక్కలు వేసుకుని కత్తెర పట్టింది. సాయంత్రానికి చొక్కా నా ఒళ్లో పడేసింది. "ఇద్దరికీ మద్దిన కుట్టాను. ఎవలికీ సరిపోదు, ఎవలికైనా పట్టేస్తాది."

లోపలి గదిలోకి వెళ్లి వేసుకున్నాను. జుట్టు పైకి ముడివేసి టోపీ పెట్టాను. విజయనగరంలో నాటకాల సామాను అమ్మే కొట్లో కొన్న మీసం జిగురుతో అంటించాను. మా నాన్నకున్నట్టే సన్నటి గీత మీసం. అద్దంలో చూసుకుంటే ఫరవాలేదనిపించింది, నాన్న నడకలా కొంచెం కాళ్లు ఎడం చేసి వీధి గదిలోకి వచ్చాను.

మా నాన్న తలెత్తి చూశాడు. అలా చూస్తూ ఉండిపోయాడు. ముఖంలో నవ్వు లేదు, కోపం లేదు. తప్పు చేశాను, తీసెయ్యాలి అనుకుంటూ మీసం మీదకి చెయ్యి పోనిచ్చాను.

"ఉండు, తియ్యకు!" అని అరిచాడు. తర్వాత వంటింటి వైపు తిరిగి, "ఒసే! ఒకపాలి ఇలగ రా! బేగి రా! మా అమ్మొచ్చింది!"

మా అమ్మ గరిటెతోనే పరుగున వచ్చింది. నన్ను చూసింది, ఆయన్ని చూసింది. "మీసాలెట్టుకుంటే అమ్మ కనిపించిందేటి ఈ మడిసికి!"

మా నాయనమ్మ మా నాన్న చిన్నప్పుడే పోయింది. ఆవిడ ఫోటో ఒక్కటి కూడా లేదు. ఆ రోజుల్లో వరి, చోడి పండించుకునే ఇంట్లో ఫోటో తీయించుకోవాలన్న ఆలోచన ఎవరికొస్తుంది? ఆవిడ గొంతు పెద్దదనీ, ఒక గట్టు మీద నిలబడి కేకేస్తే ఆ చివర మడిలో వాళ్లు నడుం ఎత్తేవారనీ మాత్రం విన్నాను. ఆవిడ ముఖం ఎలా ఉండేదో మా నాన్నకే సరిగ్గా గుర్తులేదట. అది తను మరిచిపోయానని ఆయన అప్పటిదాకా ఎప్పుడూ పైకి అనలేదు. ఇప్పుడు కాకీ చొక్కాలో, గీత మీసంతో కూతురు ఎదురుగా నిలబడితే గుర్తొచ్చింది.

ఏడుస్తాడేమో అనుకున్నాను. ఆయన కడుపు పట్టుకుని నవ్వడం మొదలుపెట్టాడు. "మీసం మా అమ్మ! టోపీ మా అమ్మ!" నన్ను ఇటు తిరగమన్నాడు, అటు తిరగమన్నాడు. గొంతుక్కూర్చోమన్నాడు. "ఒకపాలి తిట్టు" అన్నాడు.

"ఏటని?"

"'ఒరే, బేగి రారా, కూడు సల్లారిపోతన్నాది' అని."

నేను గట్టిగా అరిచాను. మా నాన్న కుర్చీ చేతిని ఠపీమని కొట్టాడు. "అదే! అదే!" మా అమ్మ గరిటె నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుతూ, పొయ్యి మీద కూర మాడుతోందని కూడా మరిచిపోయింది.

ఆ నవ్వు తగ్గాక ఆయన ఎంతో గంభీరంగా నిర్ణయం చెప్పాడు. "మా అప్ప సూడాల. పొందూరు ఎల్లాల."

అప్ప అంటే మా నాన్న అక్క, నాకు మేనత్త. పొందూరులో ఉంటుంది. తమ్ముడికంటే చాలా పెద్దది కాబట్టి వాళ్ల అమ్మ ముఖం ఆవిడకి బాగా గుర్తుండాలి. తనకి కనిపించింది నిజమో కాదో ఆవిడే చెప్పాలి అన్నది మా నాన్న పట్టుదల. నాకేమో బస్సు కావాలి, బస్సు దారి పొందూరుదే కావాలి. అలా ఇద్దరి పనీ ఒకటైంది. మీసం మాట మళ్లీ ఎత్తలేదు.

బస్సు ఇచ్చింది డ్రైవర్ బాబాయి. మా నాన్నతో ఎన్నో ఏళ్లు అదే దారిలో బస్సు నడిపినాయన. రిటైరయ్యాక ఒకాయన దగ్గర పెళ్లి బస్సు నడుపుతున్నాడు. ముహూర్తాలు లేని రోజులు కావడంతో ఒక ఆదివారానికి బస్సు దొరికింది. పెళ్లి బస్సు కాబట్టి ముందు ఒక టీవీ ఉంది. అందులో వీడియో పెట్టాం. మా నాన్న నాకు విజిల్ ఊదడం నేర్పుతుంటే నా స్నేహితురాలు తీసింది అది. ఆయన ఊదుతాడు, నేను ఊదుతాను. ఆయనకి ఈల వస్తుంది, నాకు గాలి వస్తుంది. ఆయన నా బుగ్గలు రెండు వేళ్లతో నొక్కి, "ఇప్పుడు ఊదు" అంటాడు. మొత్తం వీడియో అంతే.

టికెట్లు రంగు కాగితాలతో నేనే చేశాను. డబ్బు తీసుకోవడం లేదు. "ఎవలి తాలూకు?" అని అడుగుతాను. జవాబు చెప్పినవాళ్లకి టికెట్టు చిల్లు పెట్టి ఇస్తాను. అదే పని, అదే ప్రదర్శన.

ఏడురోడ్ల కూడలి దాటి బస్సు పెట్టాం. మా వీధివాళ్లు ఎక్కారు, మా అమ్మ దగ్గర జాకెట్లు కుట్టించుకునే ఆడవాళ్లు ఎక్కారు. మా నాన్న తెల్ల చొక్కా వేసుకుని మొదటి సీట్లో, నాకేం సంబంధం లేదన్నట్టు కిటికీలోంచి బయటకి చూస్తూ కూర్చున్నాడు. పక్కన మా అమ్మ. నేను వెనక మెట్టు మీద నిలబడి విజిల్ ఊదాను. గాలే వచ్చింది. "రైట్ రైట్!" అని అరిచాను. బాబాయి గేరు వేశాడు.

మేం పిలిచింది ముప్పావు బస్సు జనాన్నే. కానీ రోడ్డు మీద బస్సు కనిపిస్తే చెయ్యెత్తకుండా ఎవరుంటారు? ఎచ్చెర్ల దగ్గర యూనివర్సిటీ పిల్లలు ఆపారు. అక్కడే పెద్ద గంపలతో చేపలమ్మే ఆడవాళ్లిద్దరు ఎక్కారు. దీన్ని పొందూరు వెళ్లే మామూలు బస్సే అనుకున్నారు. చెప్పబోయాను గానీ వాళ్లు వింటేనా, గంపలు లోపలికి తోసేశారు.

"ఎవలి తాలూకు?" అని వాళ్లలో పెద్దావిడని అడిగాను.

ఆవిడ నా మీసం వైపు అనుమానంగా చూసింది. "నువ్వెవలి తాలూకు? కొత్తగా ఏసారేటి ఈ దారికి?"

"ముందు నువ్వు సెప్పు. సెప్తేనే టికెట్టు."

"సేపలైతే సముద్రం తాలూకు. నేను మాత్తరం ఆ ఇంటికాడ తాగి పడుకున్నోడి తాలూకు కాదు. అది రాసుకో."

బస్సంతా గొల్లుమంది. ఆవిడే అందరికంటే ఎక్కువ నవ్వింది. నా చేతిలో టికెట్టు లాక్కుని జాకెట్లో దోపుకుంది.

ఒక కుర్రాడు హాస్టల్ మెస్సు తాలూకు అన్నాడు. ఒక చిన్న పిల్ల వాళ్లమ్మ ఒళ్లోంచి తలెత్తి, తన పిల్లి పేరు చెప్పి, దాని తాలూకు అంది. కండువా వేసుకున్న ఒక పెద్దాయన వాళ్ల తాత పేరుతో మొదలుపెట్టి ఆ తాతకి తాత దాకా చెప్పుకుంటూ పోయాడు. ఆయన ముగించేసరికి చిలకపాలెం వచ్చేసింది. ఒకమ్మాయి చాలాసేపు ఆలోచించి, "తెలీదండి, దిగేముందు చెప్తాను" అంది. దానికీ టికెట్టు ఇచ్చాను.

చిలకపాలెంలో బస్సు కిక్కిరిసింది. ఎవరో కిటికీలోంచి తువ్వాలు విసిరి సీటు ఆపుకున్నారు. ఇంకెవరో ఆ తువ్వాలు మీదే కూర్చున్నారు. మాటా మాటా పెరిగింది. చేపల గంప ఒకటి ఒరిగి నీళ్లు ఎవరి కాళ్ల మీదో పడ్డాయి. నేను మధ్యలో ఇరుక్కుపోయాను. మీసం చెమటకి ఒక పక్క ఊడి వేలాడుతోంది. విజిల్ ఊదుతున్నాను, వినేవాళ్లు లేరు. నా స్నేహితురాలు సీటు మీదకెక్కి కెమెరా పట్టుకుని, "కొంచెం నవ్వండి" అంటోంది.

అప్పుడు ముందునుంచి ఒక గొంతు వచ్చింది.

"జరగండి, జరగండి! ఎనకాతలంతా కాలీయే! గుమ్మం కాడ నిలబడకండి! ఓ తువ్వాలు బాబూ, నువ్వు లే! ఓలమ్మ, గంప సీటు కిందకి తొయ్యి!"

బస్సు మొత్తం ఒక్కసారిగా వెనక్కి జరిగింది. నిజంగానే జరిగింది, ఎక్కడినుంచో చోటు పుట్టుకొచ్చింది. మా నాన్న పైన కడ్డీ కూడా పట్టుకోకుండా, మలుపుల్లో కూడా తూలకుండా, జనం మధ్యలోంచి నడిచి వచ్చాడు. నా చేతిలోంచి విజిల్ తీసుకున్నాడు. ఊదాడు. అది విని బాబాయి అద్దంలోంచి ఇలా వెనక్కి చూసి పళ్లన్నీ బయటపెట్టి నవ్వాడు. ఎన్నాళ్ల తర్వాతో ఆ ఈల ఆయన వింటున్నాడు.

"నువ్వు కూకో" అన్నాడు మా నాన్న నాతో. ఆయన సీట్లో, మా అమ్మ పక్కన నన్ను కూర్చోబెట్టాడు.

నా ప్రదర్శన అక్కడితో చేతులు మారింది. కాకీ చొక్కా నా ఒంటి మీద ఉంది, కండక్టరు మాత్రం తెల్ల చొక్కాలో తిరుగుతున్నాడు. "ఎవలి తాలూకు? సెప్పండి, సెప్పండి, బేగి!" అని ప్రతి ఒక్కరినీ అడుగుతున్నాడు. కొందరి జవాబుకి టికెట్టు ఇస్తున్నాడు. కొందరిని, "అబద్దం! మీ మావ నాకు తెలుసు" అని ఆపుతున్నాడు. నేను ఏమీ చెయ్యలేదు. మా అమ్మ భుజానికి ఆనుకుని చూస్తూ కూర్చున్నాను. జీవితంలో నేను చేసిన అన్ని ప్రదర్శనల్లోనూ నేను అంత హాయిగా కూర్చుని చూసింది అదొక్కటే.

పొందూరులో మా అత్త వాళ్ల వీధి దాకా బస్సు వెళ్లదు. మలుపు దగ్గర దిగి నడిచాం. బస్సులో వాళ్లు కూడా చాలామంది, పని ఉన్నవాళ్లూ లేనివాళ్లూ, ఏం జరుగుతుందో చూడాలని మా వెనకే వచ్చారు. చేపలావిడ గంప నెత్తిన పెట్టుకునే వచ్చింది. మా అత్త అరుగు మీద కూర్చుని, ఖద్దరు నూలు కోసం వాలుగ చేప దవడతో పత్తి దువ్వుతోంది. ఆ చిన్న చిన్న పళ్ల సందుల్లోంచి పత్తి మెత్తగా, పొగలా లేచి ఆవిడ ఒళ్లో పడుతోంది. ఇంత ఊరేగింపు వస్తుంటే చూసి దవడ పక్కన పెట్టింది.

"ఏటిరా ఇది? పెల్లెవలికి?"

"అప్పా, ఎవలొచ్చారో సూడు!" అన్నాడు మా నాన్న, నన్ను ముందుకి తోస్తూ.

"ఎవలీ కండక్టరు?"

"సరిగ్గా సూడు. అచ్చం అమ్మలగ నేదూ?"

మా అత్త కళ్లజోడు పెట్టుకుంది. నా గడ్డం పట్టుకుని వెలుతురు వైపు తిప్పింది. ఒక పక్క వేలాడుతున్న మీసాన్ని ఒక్క గుంజు గుంజి పీకేసింది. నాకు కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఆవిడ ఇంకాసేపు చూసింది.

"అమ్మేటిరా, పిచ్చోడా! ఇది నేను!"

"నువ్వేటప్పా!"

"నేనే! పెల్లయిన కొత్తలో నేనిలగే ఉండీదాన్ని. ఆ నుదురు సూడు. ఆ ముక్కు సూడు."

"నుదురు అమ్మది!"

"అమ్మ నుదురు నీకేటి తెలుసురా? నువ్వప్పటికి చెడ్డీ కూడా నేకండా తిరిగీవోడివి!"

వీధి వీధంతా పోగైంది. వెనకొచ్చిన జనం రెండు జట్లైపోయారు. చేపలావిడ మా అత్త పక్షం. యూనివర్సిటీ పిల్లలు మా నాన్న పక్షం. నన్ను ఒకసారి టోపీతో, ఒకసారి టోపీ లేకుండా నిలబెట్టారు. ఒకసారి మా అత్త పక్కన, ఒకసారి దూరంగా. మా అత్త తన కొంగు తీసి నా తల మీద కప్పి, "ఇప్పుడు సూడండి!" అంటే, మా నాన్న, "అదిగో, ఇప్పుడు మరీ అమ్మే!" అన్నాడు. అప్పటిదాకా ఊరుకున్న మా అమ్మ జనాన్ని తప్పించుకుని వచ్చి నా రెండు చేతులూ పట్టుకుని అందరికీ చూపించింది.

"మొకం కోసం మీరూ మీరూ కొట్టుకోండి. ఈ సేతులు నావి. ఈటి జోలికి ఎవలూ రాకండి."

నేను వాళ్ల మధ్యలో నిలబడి ఉన్నాను. ఏళ్ల తరబడి, నేనెవర్ని అన్న ప్రశ్న పట్టుకుని ఎన్నో గదుల్లో ఒంటరిగా నిలబడ్డాను. ఇక్కడ నన్నెవరూ అడగలేదు. నా ముక్కూ, నుదురూ, చేతులూ తలొకరూ పంచేసుకుంటున్నారు, నాకు ఏమీ మిగలడం లేదు, అయినా నా మనసు పొంగిపోతోంది. మా అత్త లోపలికి వెళ్లి అందరికీ మజ్జిగ తెచ్చింది. తగువు మజ్జిగతో కూడా ఆగలేదు.

ఆఖరికి మా అత్త నా వైపు చెయ్యి చాపింది. "ఆ సొక్కా ఇటు తే."

నేను లోపలి టీషర్టుతో మిగిలాను, ఆవిడ చీర మీదే ఆ చొక్కా తొడుక్కుంది. ఎవరికీ సరిపోకుండా, ఎవరికైనా పట్టేలా కుట్టిన చొక్కా ఆవిడకి భుజాల దగ్గర కాస్త బిగుతుగా పట్టింది. టోపీ పెట్టుకుంది. నా స్నేహితురాలు కెమెరా ఎత్తింది, ఈసారి మాత్రం నవ్వండి అనాల్సిన పనే రాలేదు. ఒక కుర్రాడు నా బదులు అడిగాడు. "ఎవలి తాలూకు?"

"నేనెవలి తాలూకూ కాదురా! ఈ ఇల్లంతా నా తాలూకే!"

విశాఖపట్నంలో ప్రదర్శన పెట్టినప్పుడు పాత సామాన్ల కొట్టునుంచి బస్సు సీట్లు తెచ్చి గదిలో వరసగా బిగించాను. మూడు గోడల మీద మూడు వీడియోలు. ఒకదాంట్లో మీసంతో నేను. ఒకదాంట్లో జనాన్ని వెనక్కి జరుపుతూ మా నాన్న. ఒకదాంట్లో టోపీతో మా అత్త. చొక్కా మధ్యలో ఒక హ్యాంగరుకి వేలాడదీశాను. చూడటానికి వచ్చినవాళ్లు సీట్లలో కూర్చుంటే, చుట్టూ బస్సు కదులుతున్నట్టుండేది.

మొదటి రోజు ముగ్గుర్నీ తీసుకెళ్లాను. మా నాన్న వెనక సీట్లో కూర్చుని, ఏసీ చల్లదనానికి కాసేపు కునుకు తీశాడు. మా అత్త మాత్రం గోడ మీద నా ముఖం అంత పెద్దగా చూసేసరికి ఆగలేకపోయింది. "ఇదిగో, ఇప్పుడు సూడరా! ఇంత పెద్దగా ఉన్నాది. ఇది నేను కాదని అను!" మా నాన్న ఉలిక్కిపడి లేచాడు. "అమ్మే!" గొడవ మళ్లీ మొదలైంది. పొందూరు వీధిలో ఎక్కడ ఆగిందో అక్కడినుంచే. చేతులు ఎవరివో మా అమ్మ మళ్లీ గుర్తుచేసింది. పట్టుచీరలూ, కుర్తాలూ వేసుకొచ్చిన జనం చుట్టూ చేరి, ఇదంతా ప్రదర్శనలో భాగమే అనుకుని చప్పట్లు కొట్టారు.

మా అత్త వాళ్ల వైపు తిరిగింది. "సప్పట్లెందుకు కొడతన్నారు? ఎవలిది కరెక్టో సెప్పండి ముందు!"

వాళ్లు ఇంకా గట్టిగా కొట్టారు. ప్రదర్శనశాల నడిపే ఆవిడ నా చెవిలో, "వీళ్లు రోజూ రాగలరా?" అని అడిగింది.

పొందూరులో మీసం పీకేశాక తల మీద కొంగు కప్పినప్పుడు నా స్నేహితురాలు తీసిన నా ఫోటో ఇప్పుడు రెండు ఇళ్లలో ఉంది. శ్రీకాకుళంలో మా నాన్న దాన్ని పెద్దది చేయించి, ఫ్రేము కట్టించి, వీధి గదిలో పెట్టాడు. వచ్చినవాళ్లకి తన తల్లి అని చెబుతాడు. పండక్కి దానికి దండ వెయ్యబోతే మా అమ్మ దండ లాక్కుంది. "బతికున్న పిల్ల ఫోటోకి దండేటి! సిగ్గునేదా!" దండ ఇద్దరి మధ్యా అటూ ఇటూ ఊగి, ఆఖరికి వెళ్లి సింహద్వారానికి చేరింది. పొందూరులో అదే ఫోటో మా అత్త పెళ్లి ఫోటో పక్కన ఉంది. వాళ్ల కోడలు కూడా అది అత్తగారి చిన్నప్పటి ఫోటోయే అనుకుంటోంది. నేను ఏ ఇంట్లోనూ దిద్దలేదు.

ప్రదర్శన అయిపోయాక సీట్లు ఏం చెయ్యాలో తెలియలేదు. వాటిలో ఒకటి, ఇద్దరు కూర్చునేది, మా అత్త అడిగింది. డ్రైవర్ బాబాయి ఒక పెళ్లివారిని దింపడానికి అటు వెళ్తూ దాన్ని బస్సు డిక్కీలో వేసి తీసుకెళ్లాడు. ఇప్పుడు అది ఆవిడ అరుగు మీద వీధి వైపు తిప్పి ఉంది. మధ్యాహ్నాలు దాని మీద కూర్చునే పత్తి దువ్వుతోంది. పక్కింటి ఆడవాళ్లు వచ్చి రెండో వైపు కూర్చుంటారు, వంతులేసుకుంటారట. నేను వెళ్లినా సరే, వీధి బాగా కనిపించే వైపు మాత్రం ఆవిడ నాకు ఇవ్వదు. "ఆ పక్కకి కూకో" అంటుంది. నేను కూర్చుంటాను, ఆవిడ ఒళ్లోంచి ఎగిరే పత్తి పోగులు నా జుట్టు మీద వాలుతూ ఉంటాయి, వీధిలో పోయేవాళ్లని ఒక్కొక్కరినీ చూపించి ఎవరెవరి తాలూకో ఆవిడ చెబుతూనే ఉంటుంది.